వేసవి విందులో చల్లని చేప ముక్కలు

స్వీడన్‌లో ఉద్యోగం చేసే అబ్బాయో, పోలండ్‌లో చదివే అమ్మాయో వేసవి సెలవులకు జనగామ వచ్చి, "అమ్మా, అక్కడ భోజనానికి ముందు చల్లని చేప ముక్కలు పెడతారు, మనమూ చేద్దాం" అంటే కాదనలేరు కదా! కాదనవద్దు కూడా. కాని ఒక్క సంగతి ముందే తెలుసుకోండి.

బాల్టిక్ సముద్రానికి అటొకటి, ఇటొకటిగా ఉన్న ఆ రెండు దేశాల వారికీ హెర్రింగ్ అనే చిన్న చేపంటే ప్రాణం. స్వీడన్ వారు ఉప్పులో ఊరిన చేపను వెనిగరు, పంచదార, ఉల్లిపాయలలో నానబెట్టి జూన్ నెల పండుగకు తింటారు. పోలండ్ వారు నూనెలోనో, పుల్లని మీగడలోనో వేసి క్రిస్మస్ ముందు రాత్రి వడ్డిస్తారు. ఎక్కడా పొయ్యి ప్రసక్తి లేదు.

చిక్కంతా అక్కడే ఉంది. బయ్యారం చెరువుదైనా, గణపురం చెరువుదైనా మనకు దొరికేది మంచినీటి చేప. అందులో కంటికి ఆనని పురుగు పిల్లలు ఉండవచ్చు. కొర్రమట్ట వంటి చేపలను పచ్చిగా తినే అలవాటున్న థాయిలాండ్‌లో గ్నాథోస్టోమా అనే పురుగు మనుషుల చర్మం కింద పాకుతూ వాపులు తెప్పిస్తుంది. కంటికో, మెదడుకో చేరితే ప్రాణం మీదికే వస్తుంది. నిమ్మరసం, వెనిగరు తగిలితే కండ తెల్లబడుతుంది గాని పురుగు చస్తుందన్న నమ్మకం లేదు. ఉడికినట్టు కనిపిస్తుంది, ఉడకలేదు సుమా! ఫ్రిజ్‌లో గడ్డ కట్టిస్తే చాలదా అంటారా? సున్నాకు 20 డిగ్రీల దిగువన 7 రోజులు కదలకుండా ఉండాలి. కరెంటు వస్తూ పోతూ ఉండే ఇంట్లో మామూలు ఫ్రిజ్‌ను నమ్ముకుని ఆ సాహసం ఎందుకు?

కాబట్టి ముందు ఉడికించి, తరువాత ఊరవేయండి. తొట్టిలో ఈదుతున్న కొర్రమట్టను కళ్ళెదుటే కోయించి తెచ్చుకోండి. ముళ్ళు తక్కువ. రవ్వ, బొచ్చెలలోని సన్నముళ్ళు పిల్లల గొంతులో ఇరుక్కుంటాయి. అరకిలో ముక్కలకు పసుపు, కొద్దిగా ఉప్పు పట్టించి ఆవిరి మీద 12 నిమిషాలు ఉడకనివ్వండి. మధ్యభాగం కూడా తెల్లబడి, చెంచాతో నొక్కితే పొరలుగా విడిపోవాలి. లేకపోతే ఇంకాసేపు ఉంచండి. ముళ్ళు ఏరి, 3 చెంచాల వెనిగరు, 2 చెంచాల పంచదార, సన్నగా తరిగిన ఉల్లిపాయ, మిరియాలు, గుప్పెడు సోయికూర కలిపి 3 గంటలు ఫ్రిజ్‌లో పెట్టండి. ఇది స్వీడన్ వంతు. వడ్డించే ముందు నీళ్ళు ఓడ్చిన గట్టి పెరుగు, ఉడికించిన బీట్‌రూట్ తురుము కలిపితే పోలండ్ వంతూ తీరుతుంది. బ్రెడ్ మీద పెట్టవచ్చు. నన్నడిగితే కరకరలాడే జొన్నరొట్టె తునకలే మేలు.

చేప, పెరుగు కలిస్తే బొల్లి వస్తుందని పెద్దవాళ్ళు అడ్డుపడతారు. ఆ మాటకు ఆధారం లేదు. చేప పడనివారు మాత్రం ముట్టకూడదు. రక్తపోటు ఉన్నవారికి ఉప్పు తగ్గించి వేరుగా కలపండి.

అసలు శత్రువు ఎండ. 32 డిగ్రీలు దాటిన వేడిలో వండిన చేపను గంటకు మించి బయట ఉంచరాదు. మే నెలలో మహబూబాబాద్‌లోనైనా, భూపాలపల్లిలోనైనా చీకటి పడ్డాక కూడా డాబా మీద ఆ వేడి ఉంటుంది. పళ్ళేన్ని ఐసు మీద ఉంచి, కొద్దికొద్దిగా తెచ్చి పెట్టండి. చేపల బజారు ఐసు తినడానికి చేసినది కాదు, ముక్కలకు తగలనివ్వకండి. మిగిలింది పారేయడానికి మనసొప్పదు, తెలుసు. అయినా పారేయండి.

ఆ రాత్రి ఎవరికైనా వాంతులు, విరేచనాలు పట్టుకుంటే ఓఆర్‌ఎస్ నీళ్ళు గుక్కగుక్కగా తాగించండి. నాలుక ఎండిపోయినా, మూత్రం తగ్గినా, రక్తం పడినా, పసిపిల్ల మగతగా ఉన్నా తెల్లవారేదాకా ఆగక ఆసుపత్రికి తీసుకెళ్ళండి.