కథ లేదన్నవాళ్ళు ఆ గొట్టాన్ని చూశారా?

‘మ్యాడ్ మాక్స్: ఫ్యూరీ రోడ్’ గురించి మన సాహిత్య మిత్రులది దాదాపు ఒకటే మాట: "విజువల్స్ అదిరిపోయాయి, కథే లేదు." 2015లో వచ్చిన సినిమా. ఇన్నేళ్ళైనా ఆ మాట మారలేదు. ఆరు ఆస్కార్లొచ్చాయి కదా అంటే, "అన్నీ టెక్నికలే కదా" అని కొట్టిపారేస్తారు. నిజమే. ఎడిటింగ్‌కీ, దుస్తులకీ, శబ్దానికీ వచ్చాయి గానీ దర్శకత్వానికి రాలేదు. ఆ ఓట్లేసినవాళ్ళూ మనలాగే పొరబడ్డారంటాను.

ఒక గొట్టం సంగతి చెప్తాను. మొదట్లో మాక్స్ మనిషి కాదు, రక్తం సంచి. అతన్ని కారు ముందు కట్టేసి, అతని ఒంట్లోని రక్తాన్ని సన్నటి గొట్టంతో నక్స్ అనే జబ్బు కుర్రాడికి ఎక్కిస్తుంటారు. చివర్లో ఫ్యూరియోసా ప్రాణం పోతుంటే అలాంటి గొట్టంతోనే తన రక్తం తనే ఇస్తాడు. అంతకుముందు అడిగినా చెప్పని పేరు అప్పుడు చెప్తాడు. దోచుకున్న రక్తం దానమైంది, సంచి మనిషైంది. ఇది కథ కాకపోతే మరేది? పాత్ర నోరు తెరిచి బాధలు ఏకరువు పెడితేనే కథా?

దర్శకుడు జార్జ్ మిల్లర్ ఈ సినిమాని ముందు దాదాపు 3,500 స్టోరీబోర్డు బొమ్మలుగా వేయించుకున్నాడు. ఇక్కడ బొమ్మే వాక్యం. మార్గరెట్ సిక్సెల్ ఎడిటింగ్‌లో రెండు గంటలకి దాదాపు 2,700 కట్లు. అయినా కన్ను తడబడదు, చూడాల్సింది చాలావరకు ఫ్రేము మధ్యలోనే ఉంటుంది కాబట్టి.

ఇక రంగు. లోకం అంతమైందనగానే తెరంతా బూడిద పూసేయడం అలవాటు, ‘ది రోడ్’ చూడండి. ఇక్కడ నమీబియా ఎడారి నిప్పులా మండుతుంది. అందుకే ముసలావిడ సంచిలో ఒక్క పచ్చటి మొలక కనబడితే గుండె ఝల్లుమంటుంది.

లోపాల్లేవనను. పారిపోయే ఐదుగురు భార్యల్లో ఇద్దరు విడిగా గుర్తుండరు. మొదటిసారి చూసొచ్చి నేనూ "కథేదీ?" అన్నవాడినే. ఇంజనీరుని కదా, బండ్లు చూసి మురిసిపోయాను.

కవిత్వంలో పదచిత్రం కనిపిస్తే పరవశించిపోయే మనం, చిత్రం దగ్గరికొచ్చేసరికి పదం కోసం వెతుక్కుంటాం. ఈసారి సౌండు తీసేసి చూడండి. అప్పుడూ కథ లేదంటే, వింటాను.