ముప్పై ఐదు మన నుదుటిరాతా?

సంక్రాంతి సెలవులకి ముందు మా ఊరి హైస్కూలు గోడకి ఒక కాగితం అంటించారు. పదో తరగతి లెక్కల లిస్టు. ఏ, బీ, సీ అని మూడు వరసలు. అర్ధ సంవత్సర పరీక్ష మార్కులు ముందేసుకుని, అసలు పరీక్షలో ఎవరికెన్నొస్తాయో ఇప్పుడే అంచనా కట్టేసిన లిస్టు. ఏ అంటే 80 దాటేవాళ్ళు. బీ అంటే 50కీ 80కీ మధ్య. సీ అంటే పాసయితే చాలు అనుకునేవాళ్ళు. సీ వరసలో 19 పేర్లు. అందులో 16 మా వాడ పిల్లలవి. ఒకటి యానాది పిల్లాడిది. మిగతా రెండూ బీసీ ఇళ్ళవి.

కులం చూసి రాయలేదట, మార్కులు చూసే రాశారట. ఊళ్ళో పెళ్ళి భోజనాల దగ్గర కూడా కులం చూసి పంక్తులు వెయ్యరు. వచ్చినవాళ్ళని వచ్చినట్టే కూర్చోబెడతామంటారు. అయినా మనోళ్ళు ఎప్పుడూ ఆఖరి పంక్తిలోనే తేలతారు గదా!

మేము వాడలో రాత్రిబడి నడుపుతున్నవాళ్ళం. కమ్యూనిటీ హాల్లో రెండు ట్యూబులైట్లు, ఒక నల్లబల్ల, డిగ్రీలో లెక్కలు చదివిన మా వాడ ఆడపిల్ల ఒకామె. మాకున్నదల్లా ఇదే. లిస్టు సంగతి పిల్లలే వచ్చి చెప్పారు. ఏడుస్తూ చెప్పలేదు, నవ్వుతూ చెప్పారు. "మేము సీ బ్యాచ్ అన్నా, మాకు త్రికోణమితి లేదు" అన్నారు, సెలవిచ్చినంత సంబరంగా. అప్పుడు వచ్చింది మాకు కోపం.

త్రికోణమితి లేకపోవడమేంటి? అడగడానికి బడికెళ్ళాం. లెక్కల సారు మర్యాదగానే కూర్చోబెట్టి విడమరచి చెప్పారు. ఆంధ్రలో 2022 నుంచీ లెక్కల పేపరు 100 మార్కులకి ఒకటే. మొత్తం 33 ప్రశ్నలు. ఒక మార్కువి 12, రెండు మార్కులవి 8, నాలుగు మార్కులవి 8, ఎనిమిది మార్కులవి 5. పాసవ్వాలంటే 35 రావాలి. సీ బ్యాచ్ పిల్లాడు బిట్లు బట్టీకొడితే 12లో 8 వస్తాయి. రెండు మార్కులవి అయిదు చేస్తే 10. గ్రాఫు ఒక్కటి నేర్పితే 8. నాలుగు మార్కులవి మూడు కంఠస్థం చేయిస్తే 12. మొత్తం 38. అయిపోయింది. వర్గ సమీకరణాలు పూర్తిగా ఎందుకు, స్పర్శరేఖలు ఎందుకు, శ్రేఢులు ఎందుకు? ఉన్న టైములో ఆ 38 చేయిస్తే గట్టెక్కుతాడు.

ఈ లెక్కలో తప్పు లేదు. సారుకి లెక్కలు బాగా వచ్చు. కానీ 100లోంచి 38 తీసేస్తే మిగిలిన 62 ఎవరివి? ఆ 62 నేర్పకుండానే పిల్లాణ్ణి పరీక్షకి పంపి, 38 వచ్చాక "చూశారా, మేమనుకున్నట్టే వచ్చింది" అంటే అది అంచనా అవుతుందా? బావి దగ్గరికి రానివ్వకుండా, వీళ్ళకి నీళ్ళు చేదడం చేతగాదనే పాత మాటేగా ఇది!

సారు తప్పు ఒక్కటే అనడం లేదు. ఆయన మెడమీద హెడ్మాస్టరున్నాడు, హెడ్మాస్టరు మెడమీద ఎంఈవో, ఆపైన డీఈవో, కలెక్టరు. అందరికీ కావాల్సింది నూరు శాతం పాసు. నూరు శాతం పాసు అనేది బడి పరువుకి కొలత. పిల్లాడికి అది కొలత కాదు. 35 వచ్చినా 95 వచ్చినా బడి లెక్కలో ఒకటే గీత. పిల్లాడి బతుకులో ఒకటి కాదు. పాలిసెట్ రాయాలంటే అందులో పెద్ద వాటా లెక్కలదే. ఇంటర్లో ఎంపీసీ తీసుకోవాలంటే పదిలో త్రికోణమితి ముట్టనివాడు మొదటి నెలలోనే మునిగిపోతాడు. తర్వాత సీటు దొరికిన గ్రూపులో చేరి, చివరికి "వాళ్ళకి లెక్కలు అబ్బవండీ" అనిపించుకుంటాడు. మనం రిజర్వేషన్ సీటు కోసం రోడ్డెక్కుతాం, ఎక్కాలి కూడా. కానీ ఆ సీటుదాకా నడిచే దారి పదో తరగతి జనవరిలోనే గోడమీద కాగితంతో మూసేస్తున్నారు. ఆ రోజు మనం ఎక్కడున్నాం?

అంబేడ్కర్ మెట్రిక్ మార్కులు మనలో ఎందరికి తెలుసు? 1907లో బొంబాయిలో పాసయ్యారు. 750కి 282. నూటికి 38 కూడా లేవు. మా ఊరి గోడమీద లిస్టు వేస్తే బాబాసాహెబ్ సీ బ్యాచే. సరిగ్గా మా సారు వేసిన 38 దగ్గరే ఆగేవారు. ఆరేళ్ళకి, 1913లో, ఆయన కొలంబియా యూనివర్సిటీలో ఉన్నారు. 1923కల్లా రూపాయి సమస్య మీద లండన్‌లో పుస్తకం అచ్చువేశారు. రూపాయికి బంగారం లెక్క, వెండి లెక్క ఆయన తేల్చారు. ఎల్ఫిన్‌స్టన్ హైస్కూల్లో మాస్టారు ఆయన్ని లెక్క చెయ్యమని బోర్డు దగ్గరికి పిలిస్తే, తోటి పిల్లలు పరుగెత్తుకెళ్ళి బోర్డు వెనకున్న టిఫిన్ డబ్బాలు తీసేసుకున్నారు. లెక్క వచ్చో రాదో చూసేలోపే మైల అంచనా వేసేశారన్నమాట. ఇప్పుడు డబ్బాలు తియ్యరు. లిస్టు వేస్తారు.

"లిస్టేస్తే ఏమవుతుంది, చదివేవాడు ఎలాగైనా చదువుతాడు" అనే మేధావులు మనలో కూడా ఉన్నారు. వాళ్ళకోసం ఒక సంగతి. కార్లా హాఫ్, ప్రియాంకా పాండే అనే ఇద్దరు ఆర్థికవేత్తలు ఉత్తరప్రదేశ్ పల్లెల్లో ఆరు, ఏడు తరగతుల పిల్లల చేత కాగితం మీద చిక్కుదారుల ఆట ఆడించారు. 2004లో ఆ ఫలితాలు బయటపెట్టారు. కులం ఎత్తకుండా ఆడించినప్పుడు అగ్రకులాల పిల్లలకీ దళిత పిల్లలకీ చెప్పుకోదగ్గ తేడా లేదు. అందరి ముందూ పేరు, కులం చదివి ఆడించేసరికి దళిత పిల్లలు పడిపోయారు. అదే బుర్ర, అదే కాగితం. మధ్యలో చదివింది కులం పేరొక్కటే. మా బడి గోడమీద సీ అనే అక్షరం రోజూ చదువుతోంది అదే.

ఇంకొకటుంది. రాయడానికి చెయ్యి ఆడలేదు, అయినా రాస్తున్నాం. రెమా హన్నా, లీ లిండెన్ అనే ఇద్దరు మన దేశంలోనే టీచర్ల చేత జవాబు పత్రాలు దిద్దించి 2012లో అచ్చువేశారు. పత్రాల మీద కులాన్ని ఇష్టం వచ్చినట్టు మార్చి రాసి ఇచ్చారు. కింది కులం పేరున్న పత్రాలకి కాస్త తక్కువ మార్కులు పడ్డాయి. తేడా చిన్నదే. కానీ ఆ తక్కువ వేసినవాళ్ళలో ఎక్కువగా ఉన్నది కింది కులాల టీచర్లే! కాబట్టి అగ్రకులపు సారుని తిట్టేసి ఇంటికొచ్చి పడుకుంటే సరిపోదు. మా రాత్రిబడిలో మేమే ఒక పిల్లాడితో, "ముందు పాసవ్వరా, తర్వాత చూద్దాం" అన్నాం నిరుడు. వాడు మా మాట విన్నాడు. 36 తెచ్చుకున్నాడు. ఇప్పుడు సెల్ టవర్ పనుల్లో గుంతలు తవ్వుతున్నాడు. ఆ మాట మేమన్నదే.

అంచనాల మీదే మార్కులేస్తే ఏమవుతుందో 2020లో లోకమంతా చూసింది. కరోనాకి తెలంగాణలో పది పరీక్షలు మధ్యలోనే ఆగిపోయాయి. బడిలో టీచర్లు వేసిన 20 ఇంటర్నల్ మార్కుల్నే 100కి లాగి గ్రేడ్లిచ్చారు. ఇంగ్లండ్‌లో అదే ఏడు ఏ-లెవెల్ పరీక్షలు లేకపోతే, టీచర్లు చెప్పిన అంచనాని ఒక కంప్యూటర్ సూత్రంలో వేసి దిద్దారు. ఆ బడిలో గత మూడేళ్ళలో పిల్లలకి ఏమొచ్చాయో అవే ఈసారీ రావాలన్నది సూత్రం. ఎంత తెలివైన పిల్ల అయినా పేదల బడిలో చదివితే, ఆ బడి పాత మార్కులు ఆమె మెడకి చుట్టుకున్నాయి. పిల్లలు తక్కువుండే ప్రైవేటు బళ్ళలో మాత్రం టీచరు మాటే చెల్లింది. టీచర్ల అంచనాల్లో దాదాపు 40 శాతం కిందికి దిగాయి. ఆగస్టు 13న ఫలితాలిస్తే పిల్లలు రోడ్డెక్కారు. 17న ప్రభుత్వం వెనక్కి తీసుకుంది. నాలుగు రోజులు! తెల్లదొరల పిల్లలకి నాలుగు రోజుల్లో తెలిసింది, తాతల మార్కులు మనవడికి వెయ్యకూడదని. మనకి ఎన్ని వేల ఏళ్ళు పట్టిందో, ఇంకా ఎన్ని పడుతుందో.

మరి అంచనా అక్కర్లేదా అంటే, కావాలి. పరీక్షకి పోయేవాడు తానెక్కడున్నాడో తెలుసుకోవాల్సిందే. గొడవల్లా ఎవరు అంచనా కట్టాలి, ఎందుకు కట్టాలి అనే దగ్గర. సీ లిస్టులోని ఒక పిల్ల మాటే చెబుతాం. అర్ధ సంవత్సరంలో 31 వచ్చాయి. సారు వేసిన అంచనా 35. మేము పాత పేపరు ఒకటిచ్చి, 3 గంటల 15 నిమిషాలు గడియారం పెట్టి కూర్చోబెట్టాం. ముందు తనని అడిగాం, ఎన్నొస్తాయే అని. "20 వస్తాయేమో అక్కా" అంది. మా లెక్కల పిల్ల జాలి లేకుండా దిద్దింది. 44 వచ్చాయి.

పోయిన 56 ఎక్కడ పోయాయో ఆ పిల్ల చేతే లెక్క కట్టించాం. టైము చాలక వదిలేసినవి 17. మైనస్ గుర్తు మర్చిపోయి, పైలైనులో అంకె కిందికి తప్పు దింపుకుని పోగొట్టుకున్నవి 14. బడిలో ఎవరూ నేర్పని పాఠాలవి 25. ఇందులో తెలివితక్కువ ఖాతా ఎక్కడుంది? గుర్తు తప్పు చేతి అలవాటుతో పోతుంది. టైము పేపర్లు రాసినకొద్దీ కలిసొస్తుంది. రానివి ఆఖరికి పెట్టుకుని వచ్చినవి ముందు చెయ్యాలి. సగం తెలిసిన లెక్కైనా తెలిసినంతవరకూ మెట్లు రాస్తే, ఆ మెట్లకి మార్కులుంటాయి. ఈ సంగతి కూడా సీ బ్యాచ్‌కి ఎవరూ చెప్పలేదు. నేర్పని 25 మాత్రం నేర్పితేనే వస్తాయి. ఆ బాకీ బడిది.

మూడు వారాలు పోయాక ఇంకో పేపరు పెట్టాం. ఈసారి రాసి లేచాక అడిగితే, ప్రతి ప్రశ్న మీదా వేలుపెట్టి చూసుకుని "55 అక్కా" అంది. 58 పడ్డాయి. మార్కులు పెరగడం ఒకెత్తు. 20 అన్న పిల్ల తన బలం తాను కొలుచుకుని మూడు మార్కుల తేడాలో చెప్పడం ఇంకొక ఎత్తు. సారు అంచనా ఇంకా 35 దగ్గరే ఉంది. గోడమీద కాగితం మారలేదు.

అందుకని వాడ పెద్దలం, తల్లులం కలిసి ఆదివారం కూర్చున్నాం. మూడు మాటలు అనుకున్నాం. గోడమీద లిస్టు తియ్యాలి. సీ అని పేరు పెట్టిన 19 మందినీ త్రికోణమితి, వర్గ సమీకరణాల క్లాసులో కూర్చోబెట్టాలి. సాయంత్రం స్టడీ అవర్లో బిట్లు బట్టీ పట్టిస్తే మాకభ్యంతరం లేదు, పగటి పాఠం మాత్రం ఎగ్గొట్టడానికి వీల్లేదు. ఇక ప్రీఫైనల్ దిద్దిన పేపర్లు పిల్లల చేతికివ్వాలి. మార్కులు పిలిచి బీరువాలో పెట్టేస్తే పిల్లకి తన తప్పేదో ఎట్లా తెలుస్తుంది? అసలు పరీక్ష అయ్యాక దిద్దుబాటు మీద అనుమానమొస్తే, మళ్ళీ కూడించడానికి 500, మళ్ళీ దిద్దించడానికి 1,000 కట్టమంటారు. కూలి ఇంట్లో అది మూడు రోజుల తిండి. ఇప్పుడు చేతికివ్వడానికి పైసా ఖర్చు లేదు.

లెక్కల సారు విని, "హెడ్మాస్టర్ని అడగాలి" అన్నారు. హెడ్మాస్టరు "పై నుంచి ఆర్డరు లేదు" అన్నారు. లిస్టెయ్యడానికి ఏ ఆర్డరుందో చూపించమన్నాం. చూపిస్తామన్నారు, ఇంకా చూపించలేదు. వచ్చే సోమవారం ప్రార్థన టైముకి 19 మంది తల్లిదండ్రులూ బడి దగ్గరుంటారు. కూలికి పోయేవాళ్ళు ఆ పూట మానుకుంటున్నారు. పక్క ఊళ్ళలో రాత్రిబడి నడిపే మిత్రులు మీ దగ్గరున్న పాత లెక్కల పేపర్లు, తెలుగు మీడియంవి, ఇంగ్లీషు మీడియంవి, ఏవున్నా జిరాక్స్ తీసి పంపండి. మా దగ్గరున్నవి నాలుగే. పిల్లలు నాలుగూ రాసేశారు.