‘మట్టి మనుషులు’ మన ఊరికి రావద్దా?

చిత్రకారుడు సినిమా తీస్తే ఎట్లుంటుందని అడిగితే నేను బి. నర్సింగరావు గారి పేరు చెప్తాను. మా క్లాసులో సగం మందికి ఆ పేరు తెలియదు. వాళ్ల తప్పనను. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు టాకీసుల్లో ఆయన సినిమా ఆడగా నా ఎరుకలో చూడలేదు.

ఆయన 1946లో మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో పుట్టారు. బొమ్మలు గీశారు, ఫోటోలు తీశారు. గౌతమ్ ఘోష్ దర్శకత్వం వహించిన ‘మా భూమి’ నిర్మాతల్లో ఒకరు. ‘రంగుల కల’ (1983)లో చిత్రకారుడి వేషం తానే వేశారు. బొమ్మలు కొనే డబ్బున్నవాళ్లకూ, బస్తీలోని శ్రమజీవులకూ నడుమ నలిగే మనిషి కథ అది. తన సంగతి తానే తెరమీద నిలదీసుకోవడానికి ధైర్యం కావాలి మిత్రులారా!

‘దాసి’ (1988)కి ఐదు జాతీయ పురస్కారాలొచ్చాయి. అందులో గడీని తీర్చిన కళాదర్శకుడు కూడా చిత్రకారుడే, వైకుంఠం గారు. నిజం చెప్పాలంటే మొదటి ఇరవై నిమిషాలు నాకు విసుగు పుట్టింది. పాట లేదు, ఫైటు లేదు. తర్వాత తట్టింది: దొర గడీలో ఆడబాపకు పొద్దు ఎట్లా గడిచేదో మనం కూడా అట్లనే గడపాలని ఆయన ఉద్దేశం. సంస్థానాల కోటలు చూపి గొప్పలు చెప్పుకునే మన గద్వాల, వనపర్తి వాళ్లం ముందు చూడవలసిన సినిమా.

అయితే నాకు దగ్గరిది ‘మట్టి మనుషులు’ (1990). పల్లె విడిచి పట్నంలో కట్టడాల పనికి పోయిన ఆలుమగల కథ. దేశమంతా ఆనకట్టలు కట్టి, కాలువలు తవ్విన పాలమూరు లేబర్ కథ మనకు ఒకరు చెప్పాలా? మా అమ్మానాయినా కరువేండ్లలో గుంపు మేస్త్రి దగ్గర అడ్వాన్సు తీసుకుని పోయినవాళ్లే. మొన్న సెలవుల్లో అమ్మకు ఆ సినిమా ఫోన్ల చూపించిన. చివరిదాకా మాట్లాడలేదు. అయిపోయినంక అడిగింది: “ఆ పిల్లకు కూలి పైసలు ఇచ్చిండ్రా, మేస్త్రి పట్టుకున్నడా?”

ఏ విమర్శకుడూ ఇంత సూటిగా అడగలేదనుకుంటాను.

అవార్డు సినిమా ఎవడు చూస్తాడని మన మిత్రులే ఎగతాళి చేస్తారు. చూపించకుండానే చూడరని తీర్పు ఎట్లా ఇస్తారు? అమ్ముడుపోయే సరుకు తీయనంటే ఏమవుతుందో లెక్క చూడండి: ‘మట్టి మనుషులు’ 1990, ‘హరివిల్లు’ 2003. రెండు కథాచిత్రాల నడుమ పదమూడేండ్లు. ఇది ఆయన ఒక్కడి నష్టం కాదు.

కాలేజి డే నాడు ఆర్కెస్ట్రాకు పెట్టే ఖర్చులో కొంత మిగిల్చి, నిర్మాతల అనుమతి అడిగి, ఒక ప్రొజెక్టరు, ఒక తెల్లగుడ్డ తెచ్చి మూడు ఊర్లల్లో ఈ సినిమా వేద్దామని యూనియన్ వాళ్లను కోరుతున్నాను. కుర్చీలు ముందు లెక్చరర్లకు కాదు, కూలికి పోయి వచ్చినవాళ్లకు వేయాలి. మా అమ్మ వస్తనన్నది. నాట్లు లేని రోజు పెట్టుమన్నది.