వంధ్య: ఒక విశేషణం, దాని చేతిలో పడినవారు

ముందుగా నా తప్పొకటి ఒప్పుకోవాలి. కొన్నేళ్ళ క్రితం ఒక మిత్రుడు, విమానాశ్రయ ఉద్యోగాలకు తర్ఫీదు పొందే పిల్లల కోసం తయారు చేస్తున్న పదపట్టికను నాకు పంపి, తెలుగు మాటలు సూచించమన్నాడు. అందులో 'స్టెరైల్ ఏరియా' అని ఒకటి కనబడింది. నిఘంటువు తీశాను. స్టెరైల్ అంటే వంధ్య అని ఉంది. ఏరియా అంటే ప్రాంతమని నాకే తెలుసు. 'వంధ్య ప్రాంతం' అని వ్రాసి, సమాసం చక్కగా కుదిరిందన్న సంతోషంతో కాఫీ కలుపుకొని త్రాగాను. మిత్రుడు దానిని 'వింధ్య ప్రాంతం' అని చదువుకొని, "శంషాబాదులో తనిఖీ దాటితే మధ్యప్రదేశ్ వస్తుందా?" అని ఎగతాళి చేశాడు. నేను సున్నా ఎక్కడుందో, గుడి ఎక్కడ లేదో చూపించి గెలిచాననుకున్నాను.

ఆ గెలుపు 2023 కార్తీకం దాకా నిలిచింది.

ఆ కార్తీకంలో పెదనాన్న అస్థికలు కాశీలో నిమజ్జనం చేయడానికి పెద్దమ్మను వెంటబెట్టుకొని శంషాబాదు విమానాశ్రయానికి వెళ్ళాను. వాళ్ళకు సంతానం లేదు. కర్మ నేనే చేశాను. పెద్దమ్మ వనపర్తి వైపు పల్లెబడుల్లో ముప్ఫయ్యేళ్ళు పాఠాలు చెప్పిన మనిషి. విమానమెక్కడం మాత్రం అదే మొదలు. తనిఖీ దగ్గర సంచి యంత్రంలోకి వెళ్ళినప్పుడు, తెరముందు కూర్చున్న జవాను కలశాన్ని చూసి, మా ముఖాలు చూసి, ఒక్క మాట అడిగి, మర్యాదగా పంపించాడు. అవతల కుర్చీల్లో కూర్చున్నాం. మా ప్రక్కనుండి పోతున్న ఒక ఉద్యోగి చేతిలోని వాకీటాకీలో ఎవరితోనో అంటున్నాడు, ఫలానా మనిషి స్టెరైల్ ఏరియాలోకి వచ్చేశాడని.

పెద్దమ్మ తల త్రిప్పి చూసింది. "ఏం బిడ్డా, గా మాట ఈడ గూడ ఉన్నదా?" అంది.

ఆ మాట ఆమెకు ఎక్కడ తగిలిందో నాకు అప్పటిదాకా తెలియదు. 1976లో ఒక డాక్టరు ఆమెను పరీక్షించి, ప్రక్కనే నిలబడిన పెదనాన్నతో ఇంగ్లీషులో చెప్పాడట, "షీ ఈజ్ స్టెరైల్" అని. పల్లెటూరి ఆడమనిషికి ఇంగ్లీషు రాదనుకున్నాడు కాబోలు. ఆమెకు వచ్చు. పిల్లలకు విశేషణమంటే ఏమిటో, అది నామవాచకానికి ముందు ఎట్లా వస్తుందో రోజూ నల్లబల్లమీద వ్రాసి చెప్పే మనిషికి తనకే ఒక విశేషణం తగిలించి పంపారు. పెదనాన్నకు ఏ పరీక్షా జరగలేదు, అప్పుడూ, ఆ తరువాతా. "మీ పెద్దనాయినను రమ్మని ఎవ్వరడుగలే" అంది, అంతే. నిష్ఠూరమేమీ లేదు ఆ గొంతులో.

"ఇక్కడ దానికర్థం వేరు పెద్దమ్మా" అన్నాను. వేరని తెలుసు. ఏమిటో తెలుగులో చెప్పబోతే నోట్లోకి వచ్చింది నా 'వంధ్య ప్రాంతమే'. మ్రింగేశాను.

చదువరులకు ఆ రోజునుండీ నేను త్రవ్వుకొన్న సంగతులు కొన్ని చెబుతాను. ఆ ఆవరణలోనే, దానికి వెళ్ళే దారిలోనే, ఈ ఒక్క విశేషణం ఎన్ని వేషాలు వేస్తుందో చూడండి.

విమానాశ్రయ భద్రతవారికి స్టెరైల్ అంటే తనిఖీ పూర్తయి, తనిఖీ కాని మనిషిగాని వస్తువుగాని చొరబడకుండా కాపాడుతున్న జాగా. అక్కడినుండి విమానంలోకి వెళదాం. చోదకుల గదికి 'స్టెరైల్ కాక్‌పిట్' నియమముంది. 1974 సెప్టెంబరు 11న అమెరికాలోని షార్లెట్ దగ్గర ఈస్టర్న్ ఎయిర్‌లైన్స్ విమానమొకటి పొగమంచులో దిగబోతూ కూలి, డెబ్భైమందికి పైగా చనిపోయారు. దిగేముందు చోదకులు రాజకీయాలూ పాతకార్లూ ముచ్చటించుకుంటున్నారని తేలింది. 1981లో అక్కడి ప్రభుత్వం నియమం పెట్టింది: పదివేల అడుగుల లోపల పనికి సంబంధం లేని మాట మాట్లాడరాదు. ఇక్కడ స్టెరైల్ అంటే పిచ్చాపాటీ లేనిది. మనం కిటికీలోనుండి శంషాబాదు చుట్టూ ఉన్న రాళ్ళగుట్టలను చూస్తూ కబుర్లాడే సమయానికి వాళ్ళు నోళ్ళు కట్టుకొని ఉంటారన్నమాట.

అదే విమానాశ్రయంలో సరుకుల విభాగం ఉంది. అందులో మందులకోసం ప్రత్యేకంగా చల్లని గిడ్డంగులున్నాయి. 2021 జనవరిలో కోవాక్జిన్ టీకా తొలి పెట్టెలు ఢిల్లీకి ఎగిరింది ఇక్కడినుండే. టీకా సీసామీద, సూదిమందు నీళ్ళ గొట్టంమీద స్టెరైల్ అనే మాట ఉంటే దానికర్థం సూక్ష్మజీవి ఒక్కటీ లేనిదని. పంతొమ్మిదో శతాబ్ది ద్వితీయార్ధంలో, పాస్టర్, లిస్టర్ వంటివారి కృషి తరువాత స్థిరపడిన అర్థమిది. ఆటోక్లేవులో 121 డిగ్రీల ఆవిరిలో పావుగంట ఉంచితే వస్తువు స్టెరైల్ అవుతుంది. ఏమీ పుట్టనివ్వకపోవడమనే దోషం ఇక్కడ గుణమయింది.

ఇక నగరం నుండి విమానాశ్రయానికి వెళ్ళే దారి సంగతి. మెహిదీపట్నంలో పీ.వీ. నరసింహారావు వంతెన ఎక్కితే పదకొండున్నర కిలోమీటర్లు పోయి ఆరాంఘర్ దగ్గర దిగుతాం. ఆ ప్రక్కనే రాజేంద్రనగర్, అందులో భారత వరి పరిశోధన సంస్థ. నాకు అన్నిటికన్నా నచ్చిన అర్థం ఇక్కడ దొరికింది. వరిపువ్వు తన పుప్పొడితో తానే గింజ కట్టుకుంటుంది. రెండు రకాలను కలిపి సంకరవిత్తనం చేయాలంటే ఆ స్వయంసమృద్ధి అడ్డం. అందుకని పుప్పొడి పనిచేయని వరిని వెతికి పట్టుకొని, దానిని ఒక వంశంగా నిలబెట్టారు. శాస్త్రవేత్తలు దీనిని పురుష వంధ్యత్వమంటారు. విత్తనం పండించే రైతులు అట్లా అనరు. ఆడ వరుసలు, మగ వరుసలు అంటారు. పూత సమయంలో ఇద్దరు చెరొక గట్టున నిలబడి తాడు పట్టుకొని మగ వరుసలమీదుగా లాగుతారు. పుప్పొడి లేచి ప్రక్క వరుసలమీద పడుతుంది. ఆ ఆడ వరుసలో పండిన గింజే మరుసటేడు రైతు కొనే సంకరవిత్తనం. పటాన్‌చెరు దగ్గరి ఇక్రిశాట్ వారు కందిలో కూడా ఇదే మార్గాన సంకరజాతిని సాధించారు. ఆ రకాల్లో ఒకదాని పేరు 'పుష్కల్'. వంధ్య తల్లికి పుట్టిన పంటకు పుష్కల్ అని పేరు!

మన ప్రాచీనులకు ఇంత విచిత్రం తట్టలేదు. వాళ్ళకు వంధ్యకు పుట్టినవాడు అసంభవానికి ఉదాహరణ. కుందేటి కొమ్ము, గగనకుసుమం, వంధ్యాపుత్రుడు: తర్కంలోనూ వేదాంతంలోనూ తరచు కనబడే త్రయమిది. గౌడపాదుడు మాండూక్య కారికలలో వంధ్యాపుత్రుడు నిజంగానూ పుట్టడు, మాయవల్లనూ పుట్టడు అని త్రోసిపుచ్చాడు. నేను రెండో ఏటినుండి ఏడో ఏటి దాకా పెద్దమ్మ ఇంట పెరిగాను. మా అమ్మ ఆరోగ్యం బాగుండక అక్కడ వదిలారు. అక్షరాలు ఆమె దిద్దించినవే. ఈ టపా వ్రాస్తున్నది, గౌడపాదులవారు క్షమించాలి, ఆ వంధ్యాపుత్రుడే.

ప్రాచీనులను తప్పు పట్టడానికి ఇది చెప్పలేదు. అమరకోశం తెరిచి చూస్తే నాకు మరొక ఆశ్చర్యం ఎదురైంది. వనౌషధివర్గంలో వంధ్య శబ్దముంది, పుంలింగంలో ఉంది, కాయలు కాయని చెట్టుకు అఫల, అవకేశి అనే మాటల సరసన పర్యాయపదంగా ఉంది. భారవి కిరాతార్జునీయంలో ద్రౌపది ధర్మరాజును దెప్పేచోట 'అవంధ్య' అనే విశేషణం వచ్చేది కోపానికి, అంటే ఊరికే పోని కోపం. మూడు లింగాలలోనూ తిరిగిన మాట అది. చెట్టు, కోపం, శ్రమ, దేనికైనా అంటేది. వ్రతకథలనుండి అత్తవారిళ్ళ దాకా వచ్చేసరికి దానికి ఒకే నామవాచకం మిగిలింది. తెలుగులో గొడ్రాలు అనే తిట్టు ఉంది. దానికి సరిజోడుగా మగవాడిని తిట్టే మాట నేను వినలేదు. 'నిర్వీర్యుడు' ఉంది కదా అంటారేమో. ఆ మాట ఏమైందో గమనించారా? పత్రికలు బాంబును నిర్వీర్యం చేశారని వ్రాస్తాయి. వైరస్సును నిర్వీర్యం చేసి టీకా చేశారని వ్రాస్తాయి. చట్టాలను, వ్యవస్థలను నిర్వీర్యం చేశారని వ్రాస్తాయి. మగవాడికి చెందవలసిన విశేషణం బాంబులమీదికీ చట్టాలమీదికీ దాటిపోయి గౌరవంగా బ్రతుకుతోంది. ఆడదాని విశేషణం ఆమె దగ్గరే ఉండిపోయింది.

లాటిను 'స్టెరిలిస్' కూడా మనకు దూరపుది కాదు. ఋగ్వేదంలో 'స్తరీ' అనే మాట ఉంది, ఈనని, పాలివ్వని ఆవు అని అర్థం. రెండూ ఒకే మూలానివని భాషాశాస్త్రజ్ఞులు చెబుతారు. అంటే విమానాశ్రయపు వాకీటాకీలో వినబడింది ఆ గొడ్డుటావే.

ఇప్పుడు నా వాదం. ఒక ఇంగ్లీషు మాటకు అన్నిచోట్లా ఒకే తెలుగు మాట ఉండాలని, లేకుంటే పరిభాష చెదిరిపోతుందని మనలో చాలామంది పట్టు పడతారు. నేనూ పట్టిన పట్టే. దానిలో న్యాయం లేకపోలేదు. ఒకే శాస్త్రంలో ఒకే భావానికి పుటకొక మాట వాడితే విద్యార్థి చస్తాడు. కాని తెలుగు అకాడమీ 1968లో ఏర్పడిన తరువాత పదకోశాలను శాస్త్రానికొకటిగా వేయడంలో ఒక వివేకముంది. ఒక శాస్త్రంలోని మాట మరో శాస్త్రంలో ఏ పని చేస్తుందో చూసి పేరు పెట్టాలి. ఇంగ్లీషువాడు స్టెరైల్ అన్నప్పుడు వాడి చెవికి 'బారెన్' వినబడదు. అది వాళ్ళ ఇంటిమాట; ఇది లాటిను చదువుకొన్న మాట. మనకు వంధ్య కూడా చదువుకొన్న మాటే కదా అని ఒక పండితమిత్రుడు వాదించాడు. నిజమే, కాని ఆ మాట మన ఫలశ్రుతులలో ఎవరిని ఉద్దేశించి వినబడుతుందో చెప్పమంటే ఆయన విషయం మార్చాడు.

జనం ఈ విషయంలో మనకంటె తెలివిగా ఉన్నారు. ఇంగ్లీషులో పరికరాలను ఉడకబెట్టడమూ స్త్రీకి పిల్లలు పుట్టకుండా శస్త్రచికిత్స చేయడమూ ఒకే క్రియ, స్టెరిలైజ్. తెలుగులో మొదటిది క్రిమిరహితం చేయడం; రెండోది కు.ని. ఆపరేషన్. ఆ రెండింటినీ ఏనాడూ కలపలేదు. కలవకూడని రెండు సంగతులు అవి. 2022 ఆగస్టు 25న శంషాబాదు ఉన్న రంగారెడ్డి జిల్లాలోనే, ఇబ్రహీంపట్నంలో, ఒక్కరోజు 34మంది స్త్రీలకు కు.ని. ఆపరేషన్లు చేశారు. నలుగురు చనిపోయారు. విచారణలో సూక్ష్మక్రిముల సంక్రమణ సంగతీ, దానిని నివారించడంలో జరిగిన లోపాలూ బయటపడ్డాయి. ఆ వార్తను ఇంగ్లీషులో చెప్పాలంటే ఒకే మాటను రెండర్థాలలో వాడాలి. తెలుగులో ఏది చేశారో, ఏది సరిగా చేయలేదో వేరువేరుగా చెప్పవచ్చు. భాషకు అంతకంటె ఏం బలం కావాలి?

విమానాశ్రయం దారిలో పెద్దపెద్ద ప్రకటనల పలకలు కనబడతాయి, 'సంతాన సాఫల్య కేంద్రం' అని. వ్యాపారమే, సందేహం లేదు. అయినా వంధ్యత్వ చికిత్సాలయమని పెట్టలేదు చూడండి. సంతానం కలగకపోవడంలో దాదాపు సగం సందర్భాలలో పురుషుని పాలు కూడా ఉంటుందని ఇప్పుడు వైద్యులు చెబుతున్నారు. కాబట్టి విశేషణం వేయవలసి వస్తే దంపతులకు వేయాలి, అదీ ఇద్దరినీ పరీక్షించాక.

కాశీనుండి వచ్చిన వారానికి మిత్రునికి సవరించిన పట్టిక పంపాను. భద్రత వరుసలో 'తనిఖీ దాటిన ప్రాంతం' అని వ్రాశాను. చోదకుల గదికి 'మాటల కట్టడి'. మందులకు 'క్రిమిరహిత'. వరికి 'పుప్పొడి లేని'. రైతుల 'ఆడ వరుస'ను ప్రక్కన కలిపాను. అతడు ఉత్సాహంకొద్దీ వైద్యవిభాగంలో మరొక గడి చేర్చి, మనుషులకు ఏమని వ్రాయమంటావని అడిగాడు. దానికెదురుగా "పరీక్ష ఎవరికి జరిగింది?" అని వ్రాసి పంపాను. అదేమి పదమని ఫోను చేశాడు.