తెలియని రెండు భాగాలు

పదవ తరగతిలో నేర్చి మరచిపోయే రెండు అవ్యక్త రాశుల లెక్క, నిజానికి మన ఇళ్ళ లెక్క. తొమ్మిదవ శతాబ్దంలో బాగ్దాదులో అల్ ఖ్వారిజ్మీ తన బీజగణిత గ్రంథంలో పెద్ద భాగాన్ని వసీయతులకు, వారసత్వాలకే కేటాయించారు. అక్షరాలు వాడక అంతా మాటలలోనే సాధించారు.

మొన్న ఒక సోదరుడు తండ్రి ఆస్తి పంపకానికై వచ్చాడు. అప్పులు, వసీయత్ తీరగా మిగిలినది 24 లక్షలు. వారసులు తల్లి, తాను, చెల్లెలు మాత్రమే. తల్లికి ఎనిమిదవ వంతు, అనగా 3 లక్షలు. మిగిలిన 21 లక్షలలో కుమారుని భాగం ‘క’, కుమార్తె భాగం ‘గ’ అనుకొందాం. క + గ = 21. రెండవ సమీకరణాన్ని నిసా సూరా 11వ ఆయతు ఇస్తుంది: క = 2గ. ‘క’ స్థానంలో 2గ ఉంచితే 3గ = 21. కనుక గ = 7, క = 14.

“హజ్రత్, నాన్న చెల్లెలి పెళ్ళికి 5 లక్షలు ఖర్చు చేశారు. ఏడులో నుండి తీసివేయనా?”

“ఆ ఐదు ఏ సమీకరణంలోనూ లేవు బాబూ.”

కాగితం మడిచి జేబులో పెట్టుకొన్నాడు. చెల్లెలికి ఫోను చేశాడో లేదో ఇంకా చెప్పలేదు.