పతకం వెనుక గాయం

కళాశాల వార్షిక సంచికలో ఇటువంటి చలనచిత్రాన్ని గురించిన ప్రసంగమా అని కొందరు పెద్దలు నొసలు చిట్లించవచ్చును. అది పెద్దలకు మాత్రమే ఉద్దేశించిన చిత్రం. విద్యార్థులను చూడుమని మేము చెప్పటం లేదు. అయితే అది లేవనెత్తిన ప్రశ్న యువతరం ఆలోచింపదగినదని మా విశ్వాసం.

2014లో కిమ్ డే-వూ దర్శకత్వంలో వెలువడిన ఆ దక్షిణ కొరియా చిత్రం పేరు ‘అబ్సెస్డ్’. కాలం 1969, స్థలం సైనికాధికారుల నివాస ప్రాంగణం. వియత్నాం యుద్ధంలో వీరుడనిపించుకొని వచ్చిన కల్నల్, తన క్రింద పనిచేసే కెప్టెన్ భార్యపై మనసు పడతాడు. ఆమెకూ అతనిపై అనురాగం కలుగుతుంది. కల్నల్ ఇల్లాలికి భర్త పదోన్నతియే పరమార్థం.

దీనిని ప్రేమకథ అని కన్నీరు పెట్టేవారున్నారు. పాపకథ అని ఈసడించేవారున్నారు. మాకు ఇందులో మరొకటి గోచరించింది. 1964, 1973 సంవత్సరాల మధ్య దక్షిణ కొరియా 3 లక్షలకు పైగా సైనికులను వియత్నాంకు పంపింది. వారిలో సుమారు 5 వేల మంది మరణించారు. తిరిగి వచ్చినవారిలో ఎందరి మనసులు గాయపడ్డాయో లెక్కించిన వారెవరు? చిత్రంలోని కల్నల్‌కు పతకాలున్నాయి. యుద్ధస్మృతులు వెంటాడే వేళ మనసు విప్పి చెప్పుకొనే చోటు లేదు. ఆ మౌనమే అతనిని పెడదారి పట్టించిందని మా అభిప్రాయం.

జాలిపడటం వేరు, సమర్థించటం వేరు. పై అధికారి తప్పు చేసినపుడు క్రింది ఉద్యోగి నిలదీసి అడుగలేడు. ఎంతటి అనురాగమైనా దానిపై అధికారపు నీడ పడక మానదు.

వివాహేతర సంబంధానికి 2 సంవత్సరాల వరకు జైలుశిక్ష విధించే కొరియా చట్టాన్ని ఆ దేశపు రాజ్యాంగ న్యాయస్థానం 2015 ఫిబ్రవరిలో కొట్టివేసింది. మన సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరులో 497వ సెక్షన్‌ను రద్దు చేసింది. భర్త సమ్మతి ఉంటే నేరమే కాదన్న ఆ సెక్షన్, స్త్రీని భర్త సొత్తుగా ఎంచింది. అది పోవటం న్యాయమే. అయినను సాయుధ దళాలు తమ నియమావళి ప్రకారం ఇట్టి ప్రవర్తనపై చర్య తీసుకొనవచ్చునని 2023 జనవరిలో అదే న్యాయస్థానం స్పష్టం చేసింది. హోదాలే ప్రాణమైన చోట నమ్మకం చెడితే దళమే చెడుతుంది గదా!

చట్టం తొలగినంత మాత్రాన ఇచ్చిన మాట తొలగదు. నికాహ్‌ను దృఢమైన ఒడంబడికగా భావించే సంప్రదాయంలో పెరిగిన మాకు ఇది కొత్త సంగతి కాదు. పోలీసు భయంతో నిలిచేది కాపురం అనిపించుకోదు. ఆ ఒడంబడికను నిలుపుకొనవలెనంటే ఒకరి గాయం మరొకరికి తెలియాలి. రేపు గృహస్థులు కాబోయే విద్యార్థులారా, మీ ఇంట పతకాలకు గోడ మీద చోటు ఉన్నా లేకున్నా, దుఃఖానికి మాత్రం చోటు ఉంచండి.