గంటసేపటి చేతిపని

గడచిన వేసవి సెలవులకు ముందు, ఉద్యోగరీత్యా జపాను దేశమున నివసించుచున్న మన పూర్వవిద్యార్థి యొకడు మాకొక కాగితమును పంపెను. దానిపై వ్రాత యేమియు లేదు. అంచులు సమముగా లేవు. ఒక మూల దళసరి, వేరొక మూల పలుచన. వెలుతురునకు ఎదురుగా పట్టి చూచినచో నారపోగులు కనబడును. నడుమ ఆవగింజలో సగమంత నల్లని నలుసొకటి కలదు. “మాస్టరుగారికి నమస్కారములు. ఇది నేను స్వయముగా తీసిన కాగితము. వ్యాసము వ్రాయుటకు మాత్రము పనికిరాదు” అని ఉత్తరములో నుండెను.

దానిని ఉపాధ్యాయుల గదిలో చూపగా అభిప్రాయభేదము పుట్టినది. కొందరు మెచ్చుకొనిరి. ఒక పెద్దమనిషి మాత్రము, “రూకలిచ్చి గంటసేపు ఆడుకొని వచ్చుటయు నొక విద్యయేనా?” అని యడిగెను. ఆ దినమున మేము సరియైన ప్రత్యుత్తర మీయజాలమైతిమి. తరువాత చదివినదియు ఆలోచించినదియు చదువరుల ముందుంచుచున్నాము.

2024వ సంవత్సరమున జపానుకు పోయిన విదేశీయులు 3 కోట్ల 68 లక్షలు. వారిలో అనేకులు కోటలను, గుడులను చూచుటతో తృప్తినొందక, పనివారి యిండ్లకు పోయి కూర్చుండి చేయి పెట్టుచున్నారు. ఒకరు సారెమీద మట్టి నెత్తుదురు, ఒకరు నీలికుండలో గుడ్డ ముంచుదురు, ఒకరు కాగితము తీయుదురు, మరికొందరు సాకే యను బియ్యపు మద్యమును కాచు కొట్లను చూడబోవుదురు. ఇట్లు తలుపులు తెరచుటకు పనివారి అవసరమే ముఖ్యకారణము. 1974లో ఆ ప్రభుత్వము చేతివృత్తుల సంరక్షణకు శాసనమును చేసెను. నేడు 240కి పైగా వృత్తులు ఆ జాబితాలో నున్నవి. జాబితాలో పేరున్నంతమాత్రమున కుమారుడు తండ్రి పీటమీద కూర్చుండడు గదా! సాకే గతియు నట్టిదే. 1970ల తొలినాళ్లలో అమ్మకము శిఖరమున నుండి, ఇప్పుడు దాదాపు నాల్గవవంతునకు దిగిపోయినది.

కావున యాత్రికుడు తెచ్చు సొమ్ము వారికి అక్కరయైనదే. అయినను ఆ గంట నిజమైనదా, బొమ్మలాటయా యని తెలిసికొనుటకు మాకొక ప్రశ్న తోచినది: యాత్రికుడు రాని దినమునను ఆ పని అక్కడ జరుగునా?

ఒక ఉదాహరణము చెప్పెదము. పగిలిన పింగాణీ గిన్నెను బంగారు గీతతో అతుకు విద్యను కిన్‌త్సుగి యందురు. అసలైన పద్ధతిలో జిగురు ఉరుషి చెట్టుపాలు. ఆ పాలు మన వార్నీషువలె ఎండకు ఆరునవి కావు; తేమగల పెట్టెలో నుంచిననే గట్టిపడును. పూత వెంట పూత వేసి, ఆరనిచ్చి, నూరి, చివరకు బంగారుపొడి చల్లుటకు వారములు, ఒక్కొక్కప్పుడు నెలలు పట్టును. యాత్రికులకు నేర్పు కొన్ని అంగళ్లలోనో, రసాయనపు జిగురును ఇత్తడిపొడియు వాడి గంటన్నరలో గిన్నెను చేతికిచ్చి పంపెదరు. ముందుగా చెప్పి చేసినచో దీనిని మోసమనము. చెప్పకున్నచో మాత్రము ఆ మనుష్యుడు ఓర్పు యొక్క పేరును కొని, తొందరను ఇంటికి తీసికొనిపోవుచున్నాడు.

మన విద్యార్థి చేసిన పని వేరు. వాషీ యను ఆ కాగితమునకు ముఖ్యమైన ముడిసరుకు కోజో చెట్టు. అది మన కంబళిచెట్టు కుటుంబములోనిది. కొమ్మలను ఆవిరిలో నుడికించి, బెరడు వలిచి, క్షారజలములో నుడికించి, నీటిలో నుంచి నలుసులను చేతితో ఏరి, మెత్తగా బాది, తొట్టిలో కలుపుదురు. ఆ తొట్టిలో తొరొరో-అఓయి యను మొక్కవేళ్ల జిగట పోయుదురు. ఆ మొక్క మన బెండకు దగ్గర చుట్టము. దాని జిగట బెండకాయ జిగటవంటిదే. అది యుండుటచేత నారలు అడుగున దిగక నీటిలో తేలుచుండును. వెదురు తెరను ముంచి ముందువెనుకలకు ఊపగా నారలు ఒకదానితో నొకటి అల్లుకొనును. 702వ సంవత్సరపు జనుల పట్టీలు, మినో సీమ కాగితముమీద వ్రాసినవి, నారా పట్టణపు షోసోయిన్ భాండాగారమున నేటికిని నిలిచియున్నవి.

తెరను ఊపుటకు అతనికి పట్టినది పదినిమిషములట. సాధారణముగా యాత్రికులకు ఇచ్చునది ఆ పదినిమిషములే. అతడు అంతటితో లేవక, నీటితొట్టి ప్రక్కన నలుసులు ఏరుచున్న ముసలమ్మల యొద్ద అనుమతి గైకొని కూర్చుండెను. వ్రేళ్లు చన్నీటిలో కొంకర్లు పోయినవట. ఉత్తరములో నాలుగింట మూడుపాళ్లు ఆ యేరుటను గురించియే యున్నది. కాగితమును గురించి రెండు వాక్యములు.

సాకేను గూర్చి వ్రాయుటకు జంకితిమి. మిషను పాఠశాల సంచికలో మద్యము మాటయా యని తలిదండ్రులు అనవచ్చును. మేము త్రాగువారము కాము, త్రాగుమనువారమును కాము. త్రాగుడుచే చెడిన కాపురములు మన యూరిలోనే యున్నవి. అయినను ఆ కొట్టులో జరుగు పనిని ఎరుగుటకు గ్రుక్కెడైనను అక్కరలేదు. మన యిండ్లలో అన్నమునకు బూజు పట్టినచో పారవేయుదుము. వారు వేడి గదిలో, ఉడికించిన బియ్యముమీద కోజి యను బూజువిత్తనమును చల్లి, రెండు దినములు రాత్రింబవళ్లు చంటిబిడ్డను కాచినట్లు కాచుదురు. ఆ బూజు బియ్యములోని పిండిని చక్కెరగా మార్చును. అదే తొట్టిలో, అదే సమయమున, మరొక సూక్ష్మజీవి ఆ చక్కెరను సారముగా మార్చును. ద్రాక్షలో చక్కెర ముందే కలదు, బియ్యములో లేదు. కావున రెండు పనులు జోడెద్దులవలె కలిసి నడువవలయును. ఇదే బూజుతో సోయాపులుసును, మిసో యను ముద్దను, పిల్లలును త్రాగదగిన మత్తులేని అమజాకేయు చేయుదురు. ఈ కోజివిద్యను 2024 డిసెంబరులో యునెస్కో వారు మానవజాతి వారసత్వపు పట్టికలో చేర్చిరి.

కొట్టు చూడబోవువారికి ఒక నియమము కలదు: ఆ ఉదయమున నత్తో అను పులియబెట్టిన సోయాగింజలు తినరాదు. వానిలోని సూక్ష్మజీవి గట్టిది. కోజిగదిలో చొచ్చెనా, పని చెడును. ఈ నియమము మాకు మిక్కిలి నచ్చినది. ఇచట నీ ముచ్చటకన్న పని గొప్పదని అతిథికి గడపలోనే చెప్పుచున్నారు. దీనికి మారుగా, చిన్నచిన్న గిన్నెలతో రుచి చూపి, సరుకు అమ్మి పంపు చోట్లును కలవు. అచట బియ్యము కడుగుటయు లేదు, ఆవిరియు లేదు. అట్టివానికి పోనక్కరలేదని మా యభిప్రాయము. ఎట్లయినను 20 ఏండ్లు నిండనివారు త్రాగుట ఆ దేశపు చట్టమునకు విరుద్ధము.

బడిపంతుళ్లమగుటచేత మా మనస్సును పట్టినది సాడో ద్వీపపు వృత్తాంతము. అచట సముద్రపుటొడ్డున నొక ప్రాథమిక పాఠశాల యుండెడిది. పిల్లలు తగ్గిపోయి 2010లో మూతపడినది. ఆ ద్వీపమున సాకే చేయు ఒబాతా వారు ఆ కొయ్యభవనమును బాగుచేసి, 2014 నుండి అందు వేసవికాలమున సాకే చేయుచున్నారు. కోరినవారు వారము దినములు అచట పనిచేసి నేర్చుకొనవచ్చును. దూరదేశములవారును వచ్చుచున్నారు. మద్యము పులియుటకు వారములు పట్టును గనుక, తాము మొదలుపెట్టినది పూర్తికాకమునుపే ఈ విద్యార్థులు వెడలిపోవుదురు. బడి మద్యశాల యగుట మాకు ఇంపైన మాట కాదని ఒప్పుకొనెదము. కాని పైకప్పు కూలిన బడులను మేము చూచియున్నాము. అక్కడ మరల ఎవరో బియ్యము కొలుచుచు, వేళ లెక్కించుచు, తప్పు చేసి దిద్దుకొనుచున్నారు.

ఆ పెద్దమనిషి పక్షమునను ఒక న్యాయము కలదు. రోజుకు నాలుగుసార్లు అదే మాటను చెప్పి, అదే గుడ్డను ముంచి చూపు పనివానికి తన పని చేసికొను వేళ ఏది? శిష్యుడు చేయి తిరుగుటకు మారు నోరు తిరుగుట నేర్చునేమో. పైగా యాత్రికులు వానవంటివారు. 2019లో 3 కోట్ల 18 లక్షలమంది వచ్చిరి. మహమ్మారి వలన సరిహద్దులు మూయగా, 2021లో వచ్చినవారు రెండున్నర లక్షలకు లోపే. చూపుటయే పనిగా నున్నవాడు ఆ యేడు ఏమి తినవలయును? ఎవరును రాకున్నను కాగితము తీయువాడు కాగితమును తీయుచునే యుండెను, అమ్ముకొనుట కష్టమైనను.

ఇంత దూరము పోయి జపానును పొగడుట యేల యని అడుగువారికి ఒక మాట. పదునేడవ శతాబ్దమున డచ్చివారు మచిలీపట్టణమునందును, జపానునందును వర్తకపు కొఠీలు పెట్టుకొనియుండిరి. మన కోస్తా అద్దకపు గుడ్డలు వారి ఓడలలో అచటికి పోయినవి. జపానీయులు వానిని సరస యని పిలిచి, తేనీటి వేడుకలో వాడు పాత్రలకు సంచులుగా కుట్టుకొని దాచుకొనిరి. ఆ అద్దకము పెడనలో నేటికిని సాగుచున్నది. యాత్రికుడు రాని దినమునను సాగుచున్నది. మన పిల్లలలో ఎందరు దానిని చూచిరి?

వచ్చు సంవత్సరము తొమ్మిదవ తరగతి వారిని ఒక దినము పెడనకు తీసికొనిపోవ ననుమతింపుడని ప్రధానోపాధ్యాయులవారికి మనవి చేసియున్నాము. ఒక్క అచ్చు వేసి రుమాలు తెచ్చుకొనుటకు కాదు. గుడ్డను కరక్కాయ కషాయములోను పాలలోను తడుపుట, ఎండబెట్టుట, కాలువలో ఉతుకుట, ఇవన్నియు చూచి, పనివారు ఒప్పుకొన్నంతమేర చేయి పెట్టి రావలయును. రంగు అంటునని తల్లులు విసుగుకొనక పాతబట్టలు కట్టి పంపుదురు గాక.

ఆ కాగితమును చిత్రలేఖనపు గదిలో అద్దము వెనుక బిగించితిమి. పిల్లలు దానిని చూచి మొదట అడుగునది నలుసును గురించియే. అది బెరడుతునక యనియు, ఏరువాని చేతికి తప్పించుకొన్నదనియు చెప్పుచున్నాము. ఎవని చేతికో కూడ ఉత్తరములో నున్నది, అతడే ఒప్పుకొనెను.